వీపు మీద జిప్పు

మా పెద్దమ్మ సినిమాలకు దుస్తులు కుట్టేది. రాజుల అంగీలు, దొంగల కోట్లు ఎన్ని కుట్టినా జనానికి గుర్తున్నది ఒక్క జిప్పే. మొసలి మొహం, కోడి కాళ్లు ఉన్న రబ్బరు జంతువు వీపు మీద ఉంటుందది. జంతువును చూసి హడలిపోవాలి, కమెడియన్ను చూసి నవ్వాలి అని దర్శకుడి లెక్క. కమెడియన్ను ఎవరూ పట్టించుకోలేదు. జంతువు వెనక్కి తిరగ్గానే మెడ నుంచి నడుం దాకా మెరిసే జిప్పును చూసి హాలంతా పడీ పడీ నవ్వింది.

ఆ నవ్వు ఇప్పటికీ ఆగలేదు. అప్పటికి పుట్టనైనా పుట్టని కుర్రకారు చొక్కాల వెనక జిప్పులు కుట్టించుకుని మరీ ఆదివారం పొద్దుటాటకు వస్తారు. జంతువు తిరిగితే చాలు, జిప్పు జిప్పు అని ఒకటే గోల. వెనక వరసలో పెద్దమ్మ సంచీ ఒళ్లో పెట్టుకుని కూర్చునేది. కుట్టినామెకు మతిమరుపు కాబోలు అని ఎవరైనా అంటే నాకు ఒళ్లు మండేది. ఆవిడ మోచేత్తో పొడిచి నన్ను ఊరుకోమనేది.

మతిమరుపేం కాదు. ఆ జంతువు లోపల ఉన్నది మా పెదనాన్న. ఆయనకు ఉబ్బసం. గాలాడక తూలితే ఎవరైనా ఒక్క గుంజుతో తెరవగలగాలని జిప్పును పైకి కనపడేలాగే కుట్టింది. పొలుసులు అతికించి దాచమని దర్శకుడు ఎంత పోరినా వినలేదు.

రెండో భాగానికి దర్శకుడు వేరే దర్జీని పెట్టుకున్నాడు. మళ్లీ నవ్వులపాలు కాకూడదట. పెద్దమ్మ వద్దంటున్నా, చేతిలో వేరే పని లేక పెదనాన్న వెళ్లాడు. కొత్త దర్జీ పనిమంతుడే, కుట్టు ఎక్కడుందో పొలుసుల కింద కనపడనే లేదు. పెదనాన్న గిలగిలా కొట్టుకుంటుంటే బాగా నటిస్తున్నాడనుకున్నారు. అనుమానం వచ్చేసరికి ఎక్కడ తెరవాలో ఎవరికీ తెలియలేదు. కత్తెర తెచ్చేలోపే అయిపోయింది.

ఆ నవ్వే ఆయన్ను పొట్టన పెట్టుకుందని నేనంటాను. పెద్దమ్మ అలా అనదు. తెర మీద జిప్పు కనపడినంతసేపూ ఆయన క్షేమంగా ఉన్నట్టే తనకు అనిపిస్తుందని ఒకసారి చెప్పింది. వారం వారం ఆవిడ వెళ్లేది అందుకే.

పోయిన నెల ఆ సినిమాకు కొత్త మెరుగులు దిద్ది మళ్లీ విడుదల చేశారు. పెద్దమ్మను పిలిచి ముందు వరసలో కూర్చోబెట్టారు. జంతువు తిరిగింది. వీపు నున్నగా ఉంది. పాత రీలు మీది గీతలతో పాటు జిప్పునూ ఏ తెలివైనవాడో కంప్యూటర్లో చెరిపేశాడు. కేక పెట్టబోయిన కుర్రకారు బిత్తరపోయి, ఆపైన తిట్లకు దిగింది. నాకూ తిట్టాలనే ఉంది.

పెద్దమ్మ లేచి నిలబడింది. తెర మీద జంతువు గోతిలో పడి కొట్టుకుంటోంది. చెయ్యి పట్టుకుని కూర్చోమన్నాను.

"ఆయనకి ఊపిరాడట్లేదే," అంది. "ఎక్కణ్ణుంచి తెరవాలి?"