సెవేరో మడిలో ఉప్పు

చనిపోయిన సెవేరో బట్టల్ని చుట్టాలు ఉతికిన రోజునే ఆ పొరపాటు జరిగింది.

పుర్మమార్క ఊళ్ళో మనిషి పోతే, ప్రార్థనలు అయ్యాక చుట్టాలంతా కలిసి అతని బట్టలు ఏటికి మోసుకుపోతారు. చొక్కాలు, కంబళ్ళు, టోపీ, మేజోళ్ళు, ఏదీ వదలరు. మురికి మిగిలితే పోయినవాడికి దారి బరువవుతుందంటారు. భార్య ఉతకకూడదని ఆ ఇంటి పెద్దవాళ్ళు నికాసియాను నీళ్ళు ముట్టనివ్వలేదు. ఆమె ఒడ్డున రాయి మీద కూర్చుని, బుగ్గన కోకా ఆకు పెట్టుకుని, భర్త చొక్కాలు ఒకదాని తర్వాత ఒకటి నీళ్ళలో మునగడం చూస్తూ ఉంది.

సెవేరో చెల్లెలు ఒబ్దూలియాకి పని మొదలుపెడితే ఒళ్ళు తెలియదు. అన్న ఉన్నిసంచీని కూడా లాగి నీళ్ళలో ముంచింది. గట్టిగా పిసికింది, రాయి మీద బాదింది, మళ్ళీ ముంచింది. నికాసియా అది చూసి లేచి వచ్చేసరికి సంచీ ఖాళీ. అందులో ఉండాల్సిన ఉప్పుగడ్డ ఏటిలో కలిసిపోయింది.

"సంచీలో చెయ్యి పెట్టి చూశావా?" అని మాత్రం అడిగింది నికాసియా.

"ఏముంది వదినా అందులో? బరువుగా ఉంటే తడిసిందేమో అనుకున్నా."

"ఉప్పు."

ఒబ్దూలియా ఒక్క క్షణం చేతులు ఆపింది. తర్వాత మళ్ళీ పిసకడం మొదలుపెట్టి, "ఉప్పే కదా. కొట్లో దొరకదా ఏంటి?" అంది.

నికాసియా వెళ్ళి తన రాయి మీద తను కూర్చుంది.

సెవేరో జీవితమంతా ఉప్పు కోసినవాడు. కనుమకు అవతల, కంటికి ఆనినంత మేరా తెల్లగా పరుచుకున్న ఉప్పునేల మీద మడి తవ్వి, అడుగు నుంచి ఊరిన నీళ్ళు నెలల తరబడి ఎండి ఉప్పు కట్టాక దాన్ని పారతో ఎత్తేవాడు. సోమవారం వెళ్ళి శనివారం వచ్చేవాడు. ఏటా కొత్త మడి తవ్వినప్పుడు గొడ్డలికి తగిలిన మొదటి దిమ్మలోంచి ఒక గడ్డ విరగ్గొట్టి సంచీలో వేసుకుని ఇంటికి తెచ్చేవాడు. ఆ గడ్డను నికాసియా నవంబరు దాకా దాచేది. నవంబరు మొదటి రోజు మధ్యాహ్నం చనిపోయినవాళ్ళంతా ఇళ్ళకు వస్తారని నమ్మకం గనక, వాళ్ళకు పెట్టే రొట్టెల పిండిలో ఆ ఉప్పే పడేది. అత్తకీ మామకీ నిచ్చెన రొట్టె, పసిగుడ్డుగానే పోయిన కూతురికి పావురం రొట్టె. వేరే ఉప్పుతో ఆ ఇంట్లో నవంబరు రొట్టె ఎన్నడూ కాలలేదు. ఈ ఏడు ఆ రొట్టెల బల్ల దగ్గరకు మొదటిసారి రావలసినవాడు సెవేరోనే. అతని రొట్టెకే అతని ఉప్పు లేదు.

జూన్‌లో మొదలయ్యే అక్కడి చలికాలం పోయింది. గాడ్పులు వచ్చాయి. అక్టోబరు చివరి వారం వచ్చింది. అప్పుడు నికాసియా పిండి జల్లెడ పడుతూ, ముందు మాటేమీ లేకుండా చెప్పింది:

"నేను సలీనాస్ వెళ్తాను, ఆ ఉప్పునేలకి."

ఒబ్దూలియా నవ్వింది. "ఎలా వెళ్తావ్? అటు పోయేవి టూరిస్టు వ్యాన్లే. పెద్ద టోపీ పెట్టుకుని, నల్లద్దాలు పెట్టుకుని, ఫోటోలు దిగుతావా ఇక?"

"వ్యానులోనే వెళ్తా."

"నీకేమైనా పిచ్చా వదినా? అన్న బతికున్నన్నాళ్ళూ రమ్మంటే రాలేదు."

అది నిజమే. ఊరి వెనక ఏడు రంగుల కొండ. దాన్ని చూడడానికి ఎక్కడెక్కడి జనమో వచ్చి, కనుమ ఎక్కి, ఉప్పునేల చూసి, సాయంత్రానికి తిరిగి వెళ్తుంటారు. నికాసియా ఆ కొండ కిందే కాపురం చేసింది, పొద్దున్నే కిటికీ తెరిస్తే దాని ఎరుపూ ఊదా వంటింట్లోకి వచ్చి పడేవి. కనుమ మాత్రం ఎక్కలేదు. మేకలు, పొయ్యి, మగ్గం, వీటిని వదిలి ఎక్కడికి? "నాకెందుకు? అక్కడున్నదంతా నీ చొక్కా మీద ఇంటికొస్తోందిగా," అని సెవేరోతో అనేది. అతను పడీపడీ నవ్వేవాడు.

మర్నాడు పొద్దున్నే కూడలి దగ్గరికి వెళ్ళింది. గైడు అబెల్ వ్యాను అద్దాలు తుడుస్తున్నాడు. చిన్నప్పుడు అబెల్ పుట్టుజుట్టు మొదటిసారి కత్తిరించింది సెవేరోనే. ఆ వరసన అతనికి వీళ్ళంటే చనువూ ఉంది, భయమూ ఉంది.

"అత్తా! ఇంత పొద్దున్నే, తలకి నూనె రాసుకుని, ఎవరిని చేసుకోడానికి?"

"నోరు ముయ్యి. నీ బండిలో చోటుందా?"

"డ్రైవరు పక్కన ఉంది. ఎక్కడికి?"

"మీ మామ మడికి."

అబెల్ గుడ్డ పిండుతూ ఆగిపోయాడు. "అత్తా, మేం ఆపేది రోడ్డు పక్కన, చూపించడానికి ఉంచిన మడుల దగ్గర. పని మడులు చాలా లోపల. అక్కడికి టూరిస్టుల్ని వెళ్ళనివ్వరు."

"నేను టూరిస్టునా?"

"కాదులే. కానీ వీళ్ళని నిలబెట్టి నీ కోసం కూర్చోలేను. చీకటి పడితే కనుమలో గాలి ఎలా కొడుతుందో నీకు తెలీదు."

"కూర్చోకు. వచ్చేప్పుడు నేను లేకపోతే వెళ్ళిపో. రేపటి బండికొస్తా."

"రాత్రంతా ఉప్పు మీద పడుకుంటావా?"

"మీ మామ పడుకోలేదా?"

అబెల్ తలుపు తీసి పట్టుకున్నాడు.

వ్యాను కొండను చుట్టుకుంటూ ఎక్కింది. వెనక సీట్లలో ఊరు కాని ఊళ్ళవాళ్ళు ఆరుగురు. రొసారియో పట్నం నుంచి వచ్చిన నోరా అనే పెద్దావిడ ప్రతి మలుపులోనూ "అమ్మో, అమ్మో!" అని అరుస్తూ అద్దానికి ముక్కు ఆనించింది. ఇటుక రంగు కొండ దాటితే పాచి రంగు, అది దాటితే పాలమీగడలాంటిది. అబెల్ వెనక్కి తిరిగి, ఏ రాయి వయసెంతో, ఏ రంగు ఏ ఖనిజం వల్ల వచ్చిందో చెబుతున్నాడు. నికాసియా వినలేదు. మలుపు వచ్చినప్పుడల్లా, ఇక్కడే ఆయన లారీలో పక్కకి ఒరిగి ఉంటాడు, ఇక్కడే కునుకు తీసి ఉంటాడు, అనుకుంటూ సంచీని ఒళ్ళో గట్టిగా పట్టుకుంది. అది ఆ ఉతికిన సంచీయే.

కనుమ మీద వ్యాను ఆగింది. అక్కడ దారినపోయేవాళ్ళు పేర్చిన రాళ్ళగుట్ట ఉంది. అబెల్ అందరికీ తలో రాయీ ఏరుకోమని, గుట్ట మీద పెట్టి ఏదైనా కోరుకోమని చెప్పాడు. వాళ్ళు నవ్వుకుంటూ, ఒగరుస్తూ పెట్టారు. నికాసియా తన రాయిని ఇంటి ముంగిట్లోంచే తెచ్చుకుంది. దాన్ని పెట్టి, మోకాళ్ళ మీద కూర్చుని, మంచి కోకా ఆకులు మూడు ఏరి రాళ్ళ సందులో ఉంచి, నేలకు దగ్గరగా వంగింది.

"నేలతల్లీ, నీ ఒంటి మీద నడిచి వెళ్తున్నాను, ఏమనుకోకు. నాది కానిదేమీ తీసుకోను. ఆయనది మాత్రం ఇయ్యి."

నోరా ఆమె పక్కన నిలబడి, "ఏం కోరుకున్నావు?" అని అడిగింది.

"ఉప్పు," అంది నికాసియా.

నోరా ఆమె మొహంలోకి చూసింది.

అవతలి వైపు దిగుతుంటే తెల్లటి నేల కనిపించింది. ముందు చెరువనుకుంది. దగ్గరికి వెళ్ళేకొద్దీ నీళ్ళు లేవు, నేలే వెలుగుతోంది. వ్యాను దిగగానే కళ్ళు మూసుకోవలసి వచ్చింది. ఇంత వెలుగులోనా ఇన్నేళ్ళు పని చేశాడు మనిషి? ఇంటికొచ్చాక దీపం వద్దనేవాడు. చీకట్లో కూర్చుని తినేవాడు. ఆమె పిసినారితనం అనుకుని ఎగతాళి చేసేది.

దూరంగా ఉప్పు ఎత్తుతున్న మనుషులు కనబడ్డారు. అందరికీ ముఖం కప్పే ఉన్ని ముసుగు, నల్లద్దాలు, టోపీ. ఒకడు పార మీద చెయ్యి ఆనించి నడుం నిమురుకుంటున్నాడు. సెవేరో అచ్చం అలాగే నిమురుకునేవాడు. ఇంకొకడు వంగాడు, ఆ వంగడమూ సెవేరోదే. ఇంతమంది సెవేరోలు ఉంటారని ఆమె అనుకోలేదు.

వాళ్ళలో ఒకడు ఆమెను గుర్తుపట్టి, సైకిలెక్కి వచ్చాడు. దగ్గరికి వచ్చి అద్దాలు తీశాడు, ముసుగు తీశాడు, టోపీ కూడా తీసి చేత్తో పట్టుకున్నాడు. సెవేరో జతగాడు రోసెందో. సమాధి దగ్గర ఏడ్చినవాడు.

"నికాసియమ్మా! మీరా? ఇక్కడా?"

"ఆయన ఆఖరి మడి ఉందా, ఎత్తేశారా?"

"ఉంది. పోయినవాళ్ళ పండుగ దాటాక ఎత్తుదామని మావాళ్ళంతా అనుకున్నాం. ఎందుకు?"

ఆమె సంచీ చూపించి, ఏటి దగ్గర జరిగింది చెప్పింది. రోసెందో పక్కనున్న ఉప్పుకుప్ప వైపు చెయ్యి చూపించాడు.

"దీన్లోంచి నింపుకోండి. శుభ్రంగా ఉంది, ఆరి ఉంది. ఏ మడిదైతే ఏం, అడుగున నీళ్ళన్నీ ఒకటేగా. సెవేరో ఉన్నా ఇదే చెప్పేవాడు."

నికాసియా కుప్పను చూసింది. తెల్లగా, పొడిగా, చేతికందేంత దగ్గరగా ఉంది. వెనక నుంచి అబెల్ అరుస్తున్నాడు: "అత్తా, తీసుకో! ఉప్పు దొరికిందిగా, ఇంకేంటి!"

"ఆయన ఉంటే చెప్పేవాడే," అంది ఆమె. "అందరికీ సరే అనేవాడు. నేననను. ఎటు వెళ్ళాలో చూపించు రోసెందో, నడుస్తాను."

"నడిస్తే మధ్యాహ్నం దాటుతుంది తల్లీ."

"దాటనీ."

రోసెందో ఆమె చెప్పులను చూశాడు, సైకిలు చూశాడు. "వెనక కూర్చుంటారా?"

పెళ్ళినాడు కూడా నికాసియా సైకిలు ఎక్కలేదు. పావడాలన్నీ ఒక పక్కకి చుట్టుకుని, ఒక చేత్తో టోపీ, ఒక చేత్తో రోసెందో చొక్కా పట్టుకుని ఎక్కింది. ఉప్పు పెంకుల మీద సైకిలు కటకటలాడుతూ పోయింది. వెనక టూరిస్టులు చప్పట్లు కొట్టారు. "అత్తా, బ్రేకులు లేవు దానికి!" అని అబెల్ కేక.

మడి పొడుగ్గా, పెట్టెలా ఉంది. పైన మూరెడు నీళ్ళు, ఆకాశం రంగులో. అడుగున ఉప్పు గట్టిపడి, పళ్ళలా మొనలు తేలి ఉంది. అంచులు గొడ్డలితో తీర్చినట్టు తిన్నగా ఉన్నాయి. ఇంట్లో వంకర గోడ కట్టి, చూరుకి బెత్తెడు సందు వదిలేసిన మనిషి ఇక్కడ ఇంత తిన్నగా కోశాడు.

రోసెందో పార ఎత్తాడు.

"ఇటియ్యి."

"చేతులు పగుల్తాయి."

"ఆయనవి పగల్లేదా?"

చెప్పులు విడిచి, పావడా దోపుకుని దిగింది. నీళ్ళు చల్లగా, నూనెలా జిడ్డుగా తగిలాయి. పార మొదటిసారి జారింది. రెండోసారి మొన విరిగింది, ముక్క మాత్రం రాలేదు. మూడోసారి పార పక్కన పడేసి, వంగి, రెండు చేతులూ అడుగు దాకా పెట్టి గోళ్ళతో పెకలించింది. పిండి పిసికి పిసికి పగిలిన వేళ్ళ సందుల్లోకి ఉప్పు దిగి భగ్గుమంది. ఏటి ఒడ్డున అంతమంది ఆపిన చేతులు ఇవే. ఇక్కడ ఆపేవాళ్ళు లేరు. ఆయన చెమట పడిన నీళ్ళలో మోచేతుల దాకా ముంచి, ఏటి దగ్గర చెయ్యనివ్వని పని ఇక్కడ చేసింది. ఏడుపు ఎప్పుడు మొదలైందో తెలియలేదు. రోసెందో అటు తిరిగి, టోపీ చేత్తో పట్టుకుని, కొండలను చూస్తూ నిలబడ్డాడు.

ఒక గడ్డ ఊడి వచ్చింది. పిడికిలంత. నికాసియా దాన్ని సంచీలో పెట్టి మూతి ముడేసింది.

"ఇంకా తీసుకోండి," అన్నాడు రోసెందో.

"ఆయన తెచ్చేది ఇంతే."

వాళ్ళు తిరిగి వచ్చేసరికి వ్యాను అక్కడే ఉంది. అబెల్ నేల మీద బోర్లా పడుకుని, ఆ ఆరుగురినీ కొందరిని దగ్గరగా, కొందరిని దూరంగా నిలబెట్టి, ఒకరి అరచేతిలో ఇంకొకరు నిలబడినట్టు కనిపించే ఫోటోలు తీస్తూ, మళ్ళీ మళ్ళీ బాగా రాలేదంటున్నాడు. ఆమెను చూడగానే, "ఇప్పుడు బాగా వచ్చింది, ఎక్కండెక్కండి!" అన్నాడు. నోరా పక్కకి జరిగి, ఎర్రబడిన ఆ చేతులకు తన చేతి తొడుగులు తొడిగింది.

అక్టోబరు ఆఖరి రోజున మట్టిపొయ్యి రాజేశారు. ఒబ్దూలియా వచ్చి గుమ్మంలో నిలబడింది. లోపలికి రాలేదు, వెళ్ళనూ లేదు. నికాసియా రోట్లో నూరిన ఉప్పు ఆమె ముందు పెట్టింది.

"నువ్వే వెయ్యి. మీ అన్న కదా."

ఒబ్దూలియా కళ్ళు తుడుచుకుని, చొక్కా చేతులు మడిచి, పిండిలో చిటికెడు వేసింది.

"ఇంకా."

ఇంకో చిటికెడు.

"ఇంకా వెయ్యి. నేను చేసిన రొట్టె చప్పగా ఉందని ఒక్క పూటైనా అనకుండా తిన్నాడా?"

"విషమైపోతుంది వదినా, జనం తినొద్దూ!"

"జనానికా చేస్తున్నాం?"

ఒబ్దూలియా గిన్నె బోర్లించేసింది. ఇద్దరూ కలిసి పిసికారు. పైలోకానికి ఎక్కడానికి నిచ్చెన రొట్టె, బరువు మోయడానికి లామా జంతువు రొట్టె, ఎప్పటిలాగే కూతురికి పావురం చేశారు.

మర్నాడు మధ్యాహ్నం గంట మోగే వేళకి బల్ల నిండింది. నికాసియా ముందుగా భర్త చోట్లో గ్లాసు పెట్టి, అంచుదాకా నీళ్ళు పోసింది. తర్వాత ప్రార్థన చెప్పేవాళ్ళు వచ్చారు. చెప్పారు, పాడారు, తమ వంతు రొట్టె విరిచి నోట్లో పెట్టుకున్నారు. అందరిలోకీ పెద్దాయన నమలడం ఆపి, ఒబ్దూలియా వైపు చూసి, నికాసియా వైపు చూసి, మెల్లగా మింగి, "నీళ్ళున్నాయా అమ్మా?" అన్నాడు.

ఆయన తర్వాత ఆ పక్కాయనా అడిగాడు. సాయంత్రందాకా ఎవరో ఒకరు అడుగుతూనే ఉన్నారు. నికాసియా కుండ నింపుతూనే ఉంది.