నిప్పు లోపలికి

మా పెడనలో భద్రమ్మంత జాగ్రత్తగల మనిషిని నేను చూడలేదు. ఆ జాగ్రత్తే ఆమెను తినేసింది. తలుచుకుంటే ఇప్పటికీ నాకు ఒళ్లు మండుతుంది.

మా పక్కిల్లే వాళ్లది. భర్త చౌడయ్య మగ్గం మీద నేస్తుంటే, ఆమె రాట్నం ముందు కూర్చుని కండెలకు నూలు చుట్టేది. చుట్ట లేనిదే ఆమెకు చెయ్యి ఆడదు. నూలు మీద నిప్పురవ్వ పడిందా, ఇంటిల్లిపాదీ పస్తే. అందుకని వెలిగించిన కొసను నోట్లోకి తిప్పి, పెదవులు మూసి పీల్చేది. దాన్నే అడ్డపొగ అంటారు. నిప్పూ బూడిదా అన్నీ లోపలే. యుద్ధం వచ్చి నూలు కరువయ్యాక ఆమె గొప్ప మరీ పెరిగింది.

"ముప్పయ్యేళ్లలో నా చేతిలో ఒక్క పోగు కాల్లేదు" అనేది.

కోడలు రావమ్మ కాపరానికి వచ్చిన ఏడాదే పక్కన కూర్చోబెట్టుకుని, నాలుక కాలకుండా చుట్ట తిప్పడం నేర్పింది. ఆ ఇంట్లో అదీ ఒక పనితనమే.

నేను బెజవాడలో పళ్ల డాక్టరు సంజీవరావుగారి దగ్గర కాంపౌండరుని. ఆయన చేతిరాత చదవగలిగింది నేనొక్కణ్ణే కాబట్టి, నోటి జబ్బుల మీద ఆయన రాసేవన్నీ అచ్చుకు సాపు రాసేదీ నేనే. నలభై ఏడు వానాకాలంలో ఒక వ్యాసంలో ఈ మాటలు రాశాను: "అడ్డపొగ తాగేవారికి అంగిట్లో తెల్లటి మచ్చ వస్తుంది. నొప్పి ఉండదు. కొందరిలో అదే రాచపుండుగా మారుతుంది. నొప్పి లేదు గదా అని ఊరుకున్నవారే ఆలస్యంగా వస్తారు."

నాకు భద్రమ్మ కళ్లముందు మెదిలింది. ఆ శనివారమే రైలెక్కి వెళ్లి చదివి వినిపించాను. ఆమె నవ్వింది.

"నాకు నొప్పెక్కడిదిరా అబ్బాయ్? మరిగే పులుసు పోసినా చురుక్కుమనదు. కాలీ కాలీ గట్టిపడిపోయింది."

ఒక్కసారి బెజవాడ రమ్మని బతిమాలాను.

"ఈ పడుగు అయిపోనీరా" అంది.

ఆ పడుగు అయ్యాక ఇంకో పడుగు. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమని ఊరికే అన్నారా? తాగిన గంజి ముక్కులోంచి రావడం మొదలయ్యాక, మాఘమాసంలో, రావమ్మను వెంటబెట్టుకుని వచ్చింది.

డాక్టరుగారు దీపం పట్టుకుని ఆమె నోట్లోకి చూశారు. చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. చెడు కబురు చెప్పాల్సి వస్తే ఆయన అంతే, ముందు మాట పడిపోతుంది.

"ఆలస్యమైందమ్మా. మద్రాసు తీసుకెళ్లినా లాభం ఉంటుందని చెప్పలేను" అన్నారు చివరికి.

నేను తల తిప్పుకున్నాను. భద్రమ్మ మాత్రం ఏడవలేదు.

"మీ కాయితంలో రాసింది నిజవేనాండీ? నొప్పి లేకుండానే వస్తదా?" అని అడిగింది.

"నిజమేనమ్మా."

భద్రమ్మ గుమ్మం దగ్గర నిలబడ్డ కోడలి వైపు తిరిగింది.

"నీకెప్పుడన్నా నొప్పి చేసిందటే?"

"లేదత్తయ్యా. వేడి కూడా తెలవదు నాకు" అంది రావమ్మ, అత్తకు ధైర్యం చెబుతున్నాననుకుని.

భద్రమ్మ కుర్చీలోంచి లేచి, కోడలి చెయ్యి పట్టుకుని అందులో కూర్చోబెట్టింది.

"నోరు తెరువమ్మా" అంది.

డాక్టరుగారు దీపం దగ్గరగా పెట్టి చూశారు. చాలాసేపు ఏమీ మాట్లాడలేదు.