ఫ్రాన్సు మేయరూ, మా ప్రధాన్ దీదీ

మా పెళ్ళికి పెద్దగా నిలబడింది మా ప్రధాన్ దీదీ. ఆ ఆలోచన ఇచ్చింది మాత్రం ఫ్రాన్సు దేశపు మేయరు ఒకాయన. ఆయన్ని నేను చూడలేదు. సముద్రంలో మా దీవులు ఉన్నాయని ఆయనకు తెలుసో తెలియదో. అయినా తలుచుకున్నప్పుడల్లా ఇద్దరికీ కలిపే దండం పెట్టుకుంటాను.

సునామీ నాటికి మాకు పోర్ట్ బ్లెయిర్ అంచున మిన్నీ బేలో చిన్న కిరాణా కొట్టు ఉండేది. ముందు కొట్టు, వెనక ఇల్లు. నాన్న పోయాక అమ్మా నేనూ నడిపేవాళ్ళం. ఆ ఆదివారం పొద్దున నీళ్ళు వచ్చాయి, వెళ్ళాయి, మేమిద్దరం బతికాం. మాకు అంతుపట్టనిది ఆ తర్వాతి సంగతి. నేల కుంగిపోయింది. ప్రతి పోటుకీ సముద్రం గడప దాటి లోపలికొచ్చేది, పాటుకి తిరిగి వెళ్ళేది. పప్పు డబ్బాలు పై అరల్లోకి ఎక్కించి కొన్నాళ్ళు చూశాం. చివరికి డాలీగంజ్ అవతల కట్టిన రేకుల షెల్టర్‌లో గది ఇస్తే అక్కడికి చేరాం.

ఆ షెల్టర్ ఉన్న పంచాయతీకి ప్రధాన్, అంటే సర్పంచి, ఒక టిఫిన్ హోటల్ నడిపే ఆవిడ. పుట్టింది దీవుల్లోనే, తాతలు సోంపేట వైపు వాళ్ళు. అందరూ ప్రధాన్ దీదీ అనేవారు. మేం దిగిన రోజున ఆవిడ స్వయంగా ఇడ్లీ పాత్ర ఆటోలో వేసుకొచ్చింది. "ఏటమ్మా, సముద్రమంత మొహాలేసుకుని కూసున్నారు? తినండి ముందు. ఏడవడానికి ఓపికుండాల గదా" అంది. ఆ తర్వాత వంటకి గ్యాసు, తాగడానికి నీళ్ళు, పిల్లలకి బడి, ఏది కావాలన్నా ఆవిడ దగ్గరికే పోయేవాళ్ళం.

నేను హిందీ మీడియంలో పదో తరగతి. తెలుగు అక్షరాలు అమ్మ దగ్గర కొన్ని, పంచాంగం చూసి కొన్ని నేర్చుకున్నాను. మిగిలినదంతా పోర్ట్ బ్లెయిర్ లైబ్రరీలో కూర్చుని సంపాదించుకున్నదే. ఈ మాట చెప్పుకోవడం నాకు ఇష్టం. కాలేజీ మెట్లెక్కని నాకు ఫ్యాను కింద ఆ పొడవాటి బల్లే కాలేజీ.

షెల్టర్‌కి మెయిన్‌లాండ్ నుంచి సాయం పెట్టెలు వచ్చేవి. ఒక పెట్టె విప్పితే నిండా ఉన్ని స్వెటర్లు. అండమాన్‌లో, రేకుల కింద, స్వెటర్లు! అమ్మ ఒకటి తీసి కుండ కింద చుట్టకుదురుగా పెట్టింది. ఆ పెట్టె అడుగున అట్ట ఊడిన ఇంగ్లీషు పుస్తకం ఒకటి దొరికింది. ఎవరికీ అక్కర్లేకపోతే నేను తీసుకున్నాను. ఫ్రాన్సులో ఒక పల్లెటూరి పశువుల డాక్టరు మేయరై, పార్లమెంటు సభ్యుడైన కథ అది. తీరిక దొరికినప్పుడల్లా బస్సెక్కి లైబ్రరీకి పోయి, తెలియని మాటలు నిఘంటువులో వెతికేదాన్ని. నిఘంటువు ఇంటికివ్వరు కాబట్టి అర్థాలు అరచేతి మీద రాసుకుని, తిరిగొచ్చే దారిలో చెమటకి చెరిగిపోకుండా చెయ్యి కిటికీలోంచి గాలికి పెట్టేదాన్ని.

అలా మెల్లగా ఆయన నాకు తెలిశాడు. ఆవులకి పురుడు పోస్తూ ఇల్లిల్లూ తిరిగిన మనిషి. కౌన్సిల్లో చేరమని ఊరివాళ్ళే బలవంతం చేశారు. మొదటి ఏడాది నోరు తెరవలేదట. తర్వాత మేయరు. ఆ పైన పార్లమెంటుకి నెగ్గాడు. అక్కడే నాకు ఆశ్చర్యం వేసింది. పార్లమెంటుకి పోయినా మేయరు పదవి వదల్లేదు. ఆ రోజుల్లో అక్కడ రెండూ ఉంచుకోవచ్చు. వారం మధ్యలో పారిస్‌లో పాల ధరల మీద, పల్లె రైలు తీసెయ్యొద్దని మాట్లాడేవాడు. వారాంతానికి అదే రైల్లో ఊరు చేరేవాడు. శనివారం పొద్దున మునిసిపల్ ఆఫీసు తలుపు బార్లా తీసి కూర్చునేవాడు. కాలవ పూడిందని ఒకరు, పక్కింటి కుక్క మీద ఒకరు వచ్చేవారు. మంత్రుల ముందు ఎంత శ్రద్ధగా కూర్చునేవాడో కుక్క గొడవ దగ్గరా అంత శ్రద్ధగానే కూర్చునేవాడని పుస్తకంలో ఉంది.

సాయంత్రాలు ఇదంతా దీదీకి చెప్పేదాన్ని. ఆవిడ మినప్పప్పు కడుగుతూ వినేది.

"ఏటే, మీ ఫ్రాన్సాయన ఇయ్యాల ఏం జేసాడు?"

"ఢిల్లీలాంటి ఊరికెళ్ళి మళ్ళీ శనివారానికి ఇంటికొచ్చేశాడు దీదీ. నువ్వూ ఎంపీకి నిలబడు."

"ఆయనకేటి, రైలెక్కితే సాయంత్రానికి ఇల్లు. నేను షిప్పెక్కితే చెన్నై తేలడానికే మూడ్రోజులు. వాంతులకే సరిపోద్ది నా పార్లమెంటు."

ఇంతలో నా పెళ్ళి గొడవ మొదలైంది. మా ఆయన కరెంటు ఆఫీసులో లైన్‌మన్. షెల్టర్‌కి తీగలు లాగడానికొచ్చి పరిచయమయ్యాడు. వాళ్ళది డిగ్లీపూర్ దగ్గర వరి పండించే బెంగాలీ కుటుంబం. కులం సంగతి, భాష సంగతి రెండు వైపులా చాలా రోజులు నడిచాయి. ఆశ్చర్యంగా అవి తేలిపోయాయి. సునామీ తర్వాత మనుషులు కొన్నిటిని చిన్నవిగా చూడటం నేర్చుకున్నారు. ముడి పడింది ఇంకోచోట. ఎవరి తంతు ముందు?

"మా ఇంట్లో పసుపు రాయకుండా నా పిల్ల ఆ ఊరు వెళ్ళదు" అని మా అమ్మ. పెద్దకొడుకు పెళ్ళి తమ వాకిట్లోనే ముందు జరగాలని వాళ్ళమ్మ. ముందు ఎక్కడ జరిగితే పెళ్ళి అక్కడిదేనని ఇద్దరి నమ్మకం. ఇద్దరూ తండ్రి లేని పిల్లల్ని పెంచినవాళ్ళు. ఇద్దరికీ చివరికి మిగిలిన పట్టుదల అదొక్కటే. మా ఆయన ఇద్దరి మధ్యా ఫోనులో నలిగి, "ఏక్ కామ్ కరో, నన్ను పోలు మీదే ఉండనీయండి, నేను దిగను" అనేవాడు.

దారి నాకు పుస్తకంలో దొరికింది. ఫ్రాన్సులో ఎవరి పెళ్ళయినా ముందు మేయరు ఎదుటే. మేయరు భుజం మీంచి మూడు రంగుల పట్టీ వేసుకుని, భార్యాభర్తలు ఒకరికొకరు ఏం చెయ్యాలో చట్టంలోంచి చదివి, ఇష్టమేనా అని ఇద్దర్నీ అడుగుతాడు. తర్వాత చర్చికి పోతారో ఎక్కడికి పోతారో వాళ్ళ ఇష్టం. అంటే ఎవరి తంతూ ముందు కాదు! నేను పరుగున వెళ్ళి అమ్మతో చెప్పాను: "ప్రధాన్ అంటే మేయరే. దీదీ ముందు పెళ్ళి చట్టప్రకారం చెల్లుతుంది." అమ్మ నమ్మింది. లైబ్రరీకి పోయొచ్చిన పిల్ల చెప్పింది కదా.

పంచాయతీ సెక్రటరీ విని పొట్ట పట్టుకుని నవ్వాడు. "దీదీకి నాలా కట్టించే పవరుంది. సోలార్ లైటు వేయించే పవరుంది. పెళ్ళి చేసే పవరు ఏ కాగితంలో ఉంది తల్లీ?"

సిగ్గుతో చచ్చిపోయాను. సెక్రటరీ చెప్పినట్టే మేం ఊళ్ళోని పెళ్ళిళ్ళ ఆఫీసులో నోటీసు పెట్టి, గడువు పూర్తయ్యాక సంతకాలు చేశాం. అమ్మ మాత్రం, "సంతకం పెడితే రేషన్ కార్డొస్తది. పెళ్ళెలా అవుద్ది?" అని కొట్టిపారేసింది. డిగ్లీపూర్‌లో మా అత్తగారూ అదే అన్నారట, బెంగాలీలో.

అప్పుడు దీదీయే అంది: "పవరు లేకపోతే లేకపోనీ. ఫ్రాన్సాయన పద్ధతి బాగుంది. ఇద్దరు తల్లుల్నీ షెల్టర్‌కి రమ్మను. నా ఎదురుగా ఇద్దరూ ఊఁ అనాల. ఆ తర్వాత ఒక వారం ఇక్కడ, ఒక వారం అక్కడ, ఏ పంతుల్ని పిలుచుకుంటారో పిలుచుకోండి." ప్రధాన్ మాట కాబట్టి ఇద్దరూ ఒప్పుకున్నారు. పంచాయతీ ఎన్నికలు అయిపోయాక అని రోజు పెట్టాం. లెక్కింపు సరిగ్గా దానికి ముందురోజున పడుతుందని అప్పటికి తెలియదు.

దీదీ ఓడిపోయింది.

ఎందుకు ఓడిపోయిందో షెల్టర్‌లో అందరికీ తెలుసు. నీళ్ళ ట్యాంకరుని ముందుగా మా దగ్గర ఆపించేది. ఊరివాళ్ళ కొళాయి ఎండినా మా డ్రమ్ములు నిండేవి. మా ఓట్లేమో మిన్నీ బే వైపు ఉండిపోయాయి. ఆవిడ చేసిందంతా అనుభవించిన మేం ఆవిడకి ఒక్క ఓటు వెయ్యలేకపోయాం.

ఆ సాయంత్రానికి మా అత్తగారు డిగ్లీపూర్ బస్సు దిగి చుట్టాలింట్లో ఉన్నారు. కబురు పంపారు: ప్రధాన్ ఓడిపోయిందట కదా, ఇక ఎవరి ఎదుట? రేపు పొద్దున జరక్కపోతే కొడుకుని తీసుకుని ఊరెళ్ళిపోతాను, అక్కడే మా పద్ధతిలో చేస్తాను. అమ్మ చెంగు నోట్లో కుక్కుకుంది. "ఏ మొహం పెట్టుకుని ఆవిణ్ణి రమ్మంటాం? మన వల్లే గదా పోయింది."

నేను పుస్తకం చంకలో పెట్టుకుని దీదీ హోటల్‌కి వెళ్ళాను. ఒక్కతే కూర్చుని పెద్ద గిన్నెలు తోముతోంది. ఓదార్పు మాటలేవీ నాకు రావు. నాకు వచ్చిందల్లా చదివింది చెప్పడమే.

"దీదీ, ఫ్రాన్సాయన కూడా ఒకసారి పార్లమెంటుకి ఓడిపోయాడు. ఫలితం వచ్చిన మర్నాడు ఎవరిదో పెళ్ళి ఉంది. రారనుకున్నారు. ఆయన గడ్డం గీసుకుని, టైముకి ముందే వచ్చి నిలబడ్డాడు."

దీదీ గిన్నె బోర్లించింది. "ఆయనకి మేయరు కుర్చీ మిగిలింది కదే. రెండుంటే ఒకటి పోయినా ఒకటుంటది. నాకేటి మిగిలింది? ఈ గిన్నెలు."

నేను వదల్లేదు. "కొత్తాయన ప్రమాణం చేసేదాకా నువ్వే ప్రధాన్‌వి. నేను లైబ్రరీలో చదివాను."

"పెళ్ళి చేసే పవరుందని కూడా లైబ్రరీలోనే చదివినావు" అంది. నవ్వలేదు. "ఇంటికి పో."

చాలా ఏళ్ళ తర్వాత లైబ్రరీ కంప్యూటర్‌లో చదివాను, ఫ్రాన్సులో చట్టం మారిందనీ, పార్లమెంటు సభ్యులు ఇక మేయర్లుగా ఉండకూడదనీ, రెండిట్లో ఒకటి ఎంచుకోవలసి వచ్చిందనీ. మా పశువుల డాక్టరు అయితే ఏది వదిలేవాడో నాకు అనుమానం లేదు. ఆ శనివారపు తలుపుని ఆయన మూసేవాడు కాదు. కానీ ఆ రోజు గిన్నెల ముందు నిలబడి, ఎంచుకోవడానికి ఏ పదవీ మిగలని మనిషిని రమ్మని అడుగుతున్నానని నాకు తెలుసు.

పొద్దున షెల్టర్ ముందు కుర్చీలు వేశాం. మా అత్తగారు చేతిసంచీ ఒళ్ళో పెట్టుకుని, బస్సెక్కడానికి సిద్ధంగా ఉన్నట్టు కూర్చున్నారు. మా ఆయన రోడ్డు వైపే చూస్తున్నాడు. అమ్మ నా వైపు చూడటం మానేసింది.

దీదీ నడిచి వచ్చింది. ఉతికి ఇస్త్రీ చేసిన చీర. రాత్రి ఏడ్చినట్టు కళ్ళు చెబుతున్నాయి. మా అత్తగారు లేచి, కోపంగా కాదు, నిజంగానే తెలుసుకుందామని అడిగారు: "దీదీ, అబ్ ఆప్ కిస్ హైసియత్ సే?" ఏ హోదాలో వచ్చావని.

"గిన్‌తీ కల్ హుయీ. జబాన్ పహలే దీ థీ" అంది దీదీ. అమ్మకి అర్థం కాలేదేమోనని తెలుగులో కూడా చెప్పింది: "లెక్కింపు నిన్నటిది వదినా. మాట అంతకు ముందుదే."

మా అత్తగారు సంచీ కింద పెట్టారు.

దీదీ చట్టం చదవలేదు. మా ఇద్దర్నీ అడిగింది, ఇష్టమేనా అని. తర్వాత తల్లుల్ని అడిగింది, ఒకర్ని హిందీలో, ఒకర్ని తెలుగులో. ఇద్దరూ ఊఁ అన్నారు.

అప్పుడే ఆవిణ్ణి ఓడించిన ఆయన స్కూటర్ మీద అటుగా వచ్చాడు. జనాన్ని చూసి ఆగాడు, దీదీని చూసి స్కూటర్ తిప్పబోయాడు.

"అరే భయ్యా, ఎక్కడికి? ఇలా రా. నిలబడు ఇక్కడ" అని దీదీ పిలిచి తన పక్కన నిలబెట్టింది. "ఈ పిల్ల, ఈ పిల్లడు. మొహాలు గుర్తుపెట్టుకో. ఇకనించి వీళ్ళకి నీళ్ళు నువ్వే పంపాల."

ఆయన తల ఊపాడు. ఏం చెయ్యాలో తోచక మా ఇద్దరికీ నమస్కారం పెట్టాడు. "ఏం, పెళ్ళికొచ్చి ఉత్తినే పోతావా? కూసో" అని దీదీ ఆయన్ని వరసలో కూర్చోబెట్టి, అందరికన్నా ముందు ఆయన ఆకులోనే ఇడ్లీ వేసింది. ఆయన కుర్చీ ఎక్కాక కూడా ట్యాంకరు మా షెల్టర్‌కి మామూలుగానే వచ్చింది.