నల్లపొట్టేలు వేసిన అడుగులు

భువనగిరి గ్రౌండులో ఈ పొద్దున, నేను పరుగు నేర్పుతున్న ఓ పిల్ల చేతి స్మార్ట్ వాచీ బుర్రుమని అదిరింది. "ఆగకు! ఇంకో నాలుగు రౌండ్లు!" అని గోడ దగ్గర నుంచి వాళ్ల నాయిన అరుపు. ఆ రెండు చప్పుళ్లూ కలిసి చెవిన పడగానే నాకు సుగుణ మేడమ్ గుర్తొచ్చింది. జడ్చర్ల దగ్గర మా ఊరి బడిలో ఆటలు నేర్పిన మనిషి. నేనీరోజు రెండు కాళ్ల మీద గట్టిగా నిలబడి విజిల్ ఊదుతున్నానంటే ఆమె చలవే.

మాది గొర్రెలు కాసే ఇల్లు. తొమ్మిదో తరగతిలో నేను బాగా పరుగెత్తుతానని తేలగానే మా నాయిన మల్లేశం పట్నం పోయి, అడుగులు లెక్కపెట్టే బ్యాండు తెచ్చి నా చేతికి తొడిగాడు. ఇక చూడాలి ఆయన సంబరం! ఎన్ని అడుగులు వేశానో, ఎంతసేపు పడుకున్నానో అంతా ఆయన ఫోనులోకి వచ్చేది. అడుగులు తగ్గితే అన్నం దగ్గర కూడా అదే లొల్లి. రాష్ట్ర పోటీల ఎంపిక దగ్గరపడుతుండగా నా కుడికాలి ఎముక సలపడం మొదలైంది. చెబితే వింటాడా? "బద్ధకం అది. ఉరికితె అదే పోతది" అన్నాడు.

ఒక ఆదివారం నొప్పికి ఓర్వలేక నేనో ఘనకార్యం చేశాను. బ్యాండు విప్పి, మా నల్లపొట్టేలు మెడలోని గంట తాడుకు, బొచ్చు లోపల కట్టేశాను. అది రోజంతా నాయిన కళ్లముందే మేసింది. మంద ఇంటికి రాగానే బ్యాండు తీసి నా చేతికి పెట్టుకున్నాను.

మర్నాడు నాయిన ఫోను పట్టుకొని బడికే వచ్చాడు. "చూడుండ్రి మేడమ్, నిన్న ఒక్క దినంలనే నా బిడ్డ ఎన్ని అడుగులేసిందో! ఇగ ఫికర్ లేదు." మేడమ్ ఫోను వైపు చూడనైనా లేదు. నేను కుంటుతూ రావడం ఆమె చూసింది. మట్టిలో చతికిలబడి, నా కాలు ఒళ్లోకి తీసుకొని, ఎముక మీద బొటనవేలితో నొక్కింది. "అవ్వో!" అని అరిచాను.

"నిజం జెప్పు. నిన్న తిరిగిందెవరు?"

"నల్లపొట్టేలు" అన్నాను ఏడుస్తూ.

నాయిన చెయ్యి లేచింది. మేడమ్ లేచి అడ్డం నిలబడింది. "మల్లేశన్నా, మందల గొర్రెపిల్ల కుంటితె ఏం జేస్తవ్?"

"భుజం మీదేస్కుంట."

"మరి గీ పిల్లనెందుకు తరుముతున్నవ్?"

నాయిన లేపిన చెయ్యి దించాడు. నా ముందు వంగి, "ఎక్కు బిడ్డా" అన్నాడు. దవాఖానలో ఎముక చిట్లిందన్నారు, ఇంకో వారం ఉరికితే విరిగేదట. ఆ ఏడు ఎంపిక పోయింది. వెక్కి వెక్కి ఏడ్చాను. మరుసటి ఏడు అందరికంటే ముందొచ్చాను.

వాచీల మీద నాకు కోపం లేదు, నా చేతికీ ఒకటుంది. కానీ ముందు నమ్మేది మేడమ్ నేర్పిన బొటనవేలినే. ఈ పొద్దున కూడా ఆ పిల్లను ఆపి, మట్టిలో కూర్చొని, కాలు ఒళ్లో పెట్టుకున్నాను. వేలు ఆనించగానే దాని మొహం ముడుచుకుపోయింది. పరుగు చాలన్నాను.

"ఫోన్ల అంత మంచిగనే చూపిస్తున్నది గద మేడమ్!" అన్నాడు వాళ్ల నాయిన.

"మా నల్లపొట్టేలుకు గూడ మంచిగనే చూపించిందన్నా. జర గిట్ల రా, నీ బిడ్డ కాలు నువ్వే పట్టి చూడు."