తెల్లచీరలో మూడు గంటలు

మా అమ్మాయి తన ఫోటోలు తానే తీసుకుంటుంది. అదే ఆమె చదువు, అదే ఆమె పని. నా భార్య చనిపోయాక, చీరలన్నీ చర్చి ఆడవాళ్లకు పంచేసే ముందు, ఒక్కొక్కటే కట్టుకుని చేవెళ్లలోని మా వంటింట్లో కెమెరా ముందు నిలబడింది. నేను అడ్డు చెప్పలేదు. చిత్రకారులు తమను తాము గీసుకోవడం గురించి చాలానే చదివాను. అయినా ఆ వారమంతా వంటింట్లోకి వెళ్లే ముందు గుమ్మం దగ్గర దగ్గేవాడిని.

తెల్లచీరను మాత్రం అమ్మాయి పంచనివ్వలేదు. చర్చిలో ప్రభురాత్రి భోజనానికి వాళ్లమ్మ కట్టుకునే చీర అది.

మొయినాబాద్ దగ్గర ఎంకపల్లిలో ఒక పాత కోళ్లషెడ్డును ప్రదర్శనశాలగా మార్చారు. ఫోటోలు అక్కడ గోడలకు పెట్టింది. వాటి మధ్య ఆ తెల్లచీర కట్టుకుని, తలమీద కొంగు కప్పుకుని, మూడు గంటలు కుర్చీలో కూర్చుంటానంది. మాట్లాడదు, కదలదు. ఆఖరి తొమ్మిది రోజులు వాళ్లమ్మ ఆసుపత్రిలో గొంతులో గొట్టంతో, మాట లేకుండా ఉంది.

"అదంతా నేను చూసిన బాపు. చూసింది ఎక్కడ పెట్టాలె?" అంది.

ఆ తొమ్మిది రోజులూ మా అత్తను, నా భార్య తల్లిని, ఆసుపత్రికి రానివ్వలేదు నేను. తట్టుకోలేదనుకున్నాను. సురంగల్ నుంచి వచ్చి ఆమె కూతురిని చూసింది శవపెట్టెలోనే. అందుకే ఈ ప్రదర్శన సంగతి ఆమెకు తెలియకూడదని అమ్మాయికి గట్టిగా చెప్పాను. మాట్లాడని కూతురిలా కూర్చున్న మనవరాలిని చూస్తే ఆమె ఏమైపోతుందోనని నా భయం.

ఆ రోజు గంటన్నర గడిచింది. ఓ ఇరవై మంది వచ్చారు, ఎక్కువమంది సిటీవాళ్లు. గేటు ముందు ఆటో ఆగింది. మా అత్త తెల్లచీరలో, బైబిలు సంచితో దిగింది. ఎదురు పరుగెత్తాను.

"నువ్వెట్ల వచ్చినవ్ అత్తమ్మా?"

"కార్డు చూసి వచ్చిన." సంచిలోంచి ప్రదర్శన ఆహ్వానం తీసింది. చర్చిలో ఎవరిచ్చారో. "నా బిడ్డ ఫోటో ఏసి కూడిక పెట్టుకుంటిరి. కన్నతల్లికి చెప్పకపోతిరి. పరాయిదాన్నయిననా?"

కార్డు మీద వాళ్లమ్మ తెల్లచీరలో ఉన్నది మా అమ్మాయి. మాలో జ్ఞాపకార్థ కూడిక కార్డులు కూడా అలాగే ఉంటాయి: పోయినవాళ్ల ఫోటో, కింద తారీకు, సమయం, చోటు.

"అది కూడిక కాదు. జర ఈడ కూసో, చెప్త."

"జరుగు."

గుమ్మంలో చెప్పులు విడిచి లోపలికి నడిచింది. పడిపోతే పట్టుకుందామని వెనకే వెళ్లాను. కుర్చీ దగ్గర ఆగి, వంగి ముఖం చూసింది.

"నువ్వానే? మాట్లాడవేంది? పండ్లూడింది నాకా, నీకా?"

ఎవరో నవ్వి ఆపుకున్నారు. మా అమ్మాయి చూపు ఎదురుగోడ మీదే ఉంది.

"ఆఖరుకు వాళ్లమ్మ గిట్లనే ఉండె అత్తమ్మా," అన్నాను మెల్లగా. "మాట లేకుండె. అది చూపెడుతున్నది."

ఆ విషయం ఆమెకు చెప్పడం అదే మొదటిసారి.

అత్త నన్ను చూసింది. తర్వాత గచ్చు మీద మోకాళ్లూని, మనవరాలి పాదాలు పట్టుకుని ప్రార్థన మొదలుపెట్టింది. "నా బిడ్డకు మాట ఇయ్యి తండ్రీ" అంటూ, జబ్బుమనిషి మంచం పక్కన చేసే ప్రార్థన. చుట్టూ ఫోన్లు పైకి లేచాయి. ప్రార్థన ముగించి ఆగింది. అలాంటి ప్రార్థనకు మంచంలోని మనిషి ఆమెన్ అనాలి. అనేదాకా మా అత్త లేవదు.

మా అమ్మాయి మాట్లాడకూడదు. ఇంకా గంటకు పైగా మిగిలి ఉంది.

"ఆమెన్," అన్నాను నేను.

"నిన్నెవరడిగిండ్రు అల్లుడా? దాన్ని అననియ్యి."

ప్రార్థన మళ్లీ మొదటినుంచి ఎత్తుకుంది. మళ్లీ ఆగింది.

"ఆమెన్, అవ్వా," అంది మా అమ్మాయి.

ఇదంతా ముందే అనుకుని చేశారనుకున్నారేమో, చప్పట్లు మోగాయి. అత్త అటు చూడలేదు. నా చెయ్యి పట్టుకుని లేచింది.

"నన్ను దవాఖానకు రానిచ్చి ఉంటే దాని తల్లితోని గూడ అనిపిస్తుంటి," అంది.

గొంతులో గొట్టం ఉన్న మనిషికి ఆమెన్ అనడం కుదరదు. ఆ మాట నేను ఆమెకు చెప్పలేదు.