తోక తెగని చేప

ఆ ఊళ్లో కాలు పెట్టిన మొదటి వారంలోనే నేను సగం మందితో మనసులో తగువు పెట్టుకున్నాను. కారణం కనుబొమలు. బడి పిల్లనొకదాన్ని "అన్నం తిన్నావా?" అని ఇంగ్లీషులో అడిగితే కనుబొమలు పైకెత్తి ఊరుకుంది. కొట్లో మనిషిని "ఉల్లిపాయలున్నాయా?" అంటే అదే వరస. నేను ముప్పై ఏళ్లు హైస్కూల్లో సోషల్ చెప్పినదాన్ని. అడిగినదానికి నోరు విప్పనివాళ్లంటే నాకు ఒళ్లు మండుతుంది. ఇంటికొచ్చి మా అమ్మాయి మీద విరుచుకుపడ్డాను.

"అమ్మా, అలా కనుబొమలెత్తితే అవునని. ఇక్కడందరూ అంతే. నీ తల ఊపుడు చూసి వాళ్లేమనుకుంటున్నారో తెలుసా? పక్కింటి పెద్దావిడ నిన్న నన్ను ఆపి మరీ అడిగింది, మీ అమ్మకి మెడ నొప్పా అని."

అలాస్కాలో ఒక పెద్ద నది ఒడ్డున ఉంది ఆ ఊరు. దానికి రోడ్డు లేదు. షేర్ ఆటోకి పెద్దన్నలాంటి విమానంలో, సామానుతో పాటు నన్నూ తూచి, పైలట్ పక్క సీట్లో కూర్చోబెట్టి తీసుకెళ్లారు. ఊరి జనం అక్కడి ఆదివాసులైన యూపిక్‌లు. ఇంకా ఉత్తరాన, మంచు సముద్రం పక్కన ఉండే ఇన్యూట్‌లకి దాయాదుల వరస. మాటలోనూ ఆటలోనూ పోలికలు కనిపిస్తాయట. మా అమ్మాయి అక్కడి బళ్లో లెక్కలు చెబుతుంది. ఏటా అమెరికాలోనే ఎండలు మండే చాండ్లర్‌లో మా అబ్బాయి ఇంట్లో ఆర్నెల్లు ఏసీ కింద కూర్చుని రావడం నాకు అలవాటు. ఈసారి అమ్మాయి దగ్గరికి వెళ్తానంటే వాడు, "అక్కడేం చేస్తావమ్మా? టెంపుల్ లేదు, ఇండియన్ స్టోర్ లేదు. పది రోజుల్లో బోర్ కొట్టి నువ్వే ఫోన్ చేస్తావు, టికెట్ బుక్ చేయరా అని," అన్నాడు. ఆ మాట పట్టుకునే మే నుంచి నవంబరు దాకా ఉండి తీరాలనుకున్నాను. పట్టుదల మా వంశంలోనే ఉంది, తెలివి సంగతి తర్వాత.

నా మెడ నిక్షేపంగా ఉందని చెప్పడానికి ఆ పెద్దావిడ ఇంటికి నేనే వెళ్లాను. ఆవిడ నాకన్నా పదేళ్లు పెద్ద. పువ్వుల గుడ్డతో కుట్టిన టోపీ చొక్కా వేసుకుంది, దాని ముందు పిల్లి పట్టేంత జేబు. వంటింట్లో నేల మీద అట్టముక్క పరుచుకుని, కాళ్లు బారజాపి కూర్చుని చేపను కోస్తోంది. చేతిలో ఉన్నది అర్ధచంద్రాకారపు కత్తి, దాని నెత్తిన చెక్క పిడి. దాన్ని ఊలూ అంటారట, ఆడవాళ్ల కత్తి. అమెరికాలో నేల మీద కూర్చుని తరిగే మనిషిని చూడటం నాకదే మొదలు. నేను గోదావరి నుంచి మోసుకొచ్చిన కత్తిపీటని మా అబ్బాయి, "పిల్లలు తొక్కుతారమ్మా," అని గరాజ్‌లో పడేశాడు. ఇక్కడ ఈవిడని చూశాక నాకు ప్రాణం లేచొచ్చింది. ఎవరూ పిలవకుండానే వెళ్లి పక్కన చతికిలపడ్డాను. ఆవిడ కనుబొమలెత్తింది. నాకిప్పుడు భాష వచ్చేసింది కదా, నేనూ ఎత్తాను.

అలా కుదిరింది మా స్నేహం. ఆవిడ ఇంగ్లీషులో ఒక మాట అని ఆగుతుంది. రెండో మాట వచ్చేలోగా నేను ఒక కథ చెప్పేస్తాను. వాళ్ల భాషలో చేపని నెక అంటారని, తిండిని కూడా నెక అనే అంటారని చెప్పింది. నాకేమీ వింతగా అనిపించలేదు, మనం అన్నం అనమూ. సముద్రం నుంచి గోదావరిలోకి ఎదురీదుకుంటూ వచ్చే పులస గురించి, పుస్తెలమ్మైనా పులస తినాలనే మా వాళ్ల సామెత గురించి నేను చెప్పాను. పుస్తెలంటే ఏమిటో వివరించడానికే పావుగంట పట్టింది. ఆవిడ అంతా విని, "మా చేప కూడా ఎదురే వస్తుంది," అంది. "ఎవరు మర్యాదగా చూస్తారో చూసుకుని వస్తుంది."

జూన్‌లో సాల్మన్ చేపలు వస్తాయి. ఈ మధ్య అవి తగ్గిపోయాయని వల వేయడానికి అధికారులు ఇన్ని గంటలేనని హద్దు పెట్టారు. ఒక రోజు వేటకి నదిని తెరుస్తారు, మళ్లీ ఎప్పుడు తెరుస్తారో తెలియదు. ఆ రోజు ఇంకా వారం ఉందనగా పెద్దావిడ తడిసిన చెక్కబాట మీద జారిపడి కుడి మణికట్టు విరగ్గొట్టుకుంది. ఆ ఇంట్లో చేప కోసే రెండో మనిషి కోడలు. అక్కడ కాన్పుకి నెల ముందే వెళ్లి పట్నం ఆస్పత్రి దగ్గర ఉండాలి. ఆ పిల్ల అప్పటికే వెళ్లిపోయింది. కొడుకు పడవలో ఉంటాడు. మిగతా ఇళ్లలో ఎవరి చేపలు వాళ్లకున్నాయి. పట్టిన చేపని వెంటనే కోసి గాలికి ఎత్తకపోతే ఈగ వాలి పురుగు పడుతుంది. చలికాలమంతా ఆ ఇంటికి అదే తిండి. అంతకంటే పెద్ద బెంగ ఇంకొకటుంది ఆవిడకి. ఒక్క చేపని కుళ్లబెట్టి పారేసినా ఆ సంగతి చేపలకి తెలుస్తుందని, ఆ ఇంటి వలకి అవి మళ్లీ రావని ఆవిడ నమ్మకం. పిండికట్టు చెయ్యి ఒళ్లో పెట్టుకుని ఈ మాటలు చెబుతున్న ఆవిడ ముఖం చూడలేకపోయాను.

"నేను కోస్తాను," అన్నాను.

మా అమ్మాయి నన్ను ఇంటికి తీసుకొస్తూ దారంతా సణిగింది. "అమ్మా, నువ్వు జస్ట్ హెల్ప్ చేయి చాలు. వాళ్ల పద్ధతి వేరు. ముందు కాసేపు నిలబడి చూడు."

"గోదావరి ఒడ్డున పుట్టినదాన్ని. చేప పిల్లకి ఈత నేర్పుతావుటే?" అని దాని నోరు మూయించాను.

నది ఒడ్డున వాళ్లకొక చోటుంది. ఎండబెట్టడానికి కర్రలు కట్టిన పందిరి, పొగపెట్టే గది, ఒక పొడవాటి బల్ల. పొద్దున్న పదింటికల్లా కొడుకు మొదటి చేపలు దించాడు. ఒక్కోటి నా చెయ్యంత పొడవు, వెండిలా మెరుస్తోంది. కొత్త బిచ్చగాడు పొద్దెరగడన్నట్టు, పెద్దావిడ బల్ల దగ్గరికి వచ్చేలోగానే అన్నిటికన్నా పెద్దదాన్ని లాక్కుని, పొలుసు గీకి, తల తీసి, తోక తీసి, అడ్డంగా ముక్కలు కొట్టేశాను. అన్నీ బొటనవేలు మందం, ఒక్కదానికీ వంక పెట్టడానికి లేదు. మా ఊరి చేపల బజారులో కూడా అంత నీటుగా కొట్టరు. మెప్పు కోసం తలెత్తి చూశాను.

 కొడుకు నది వైపు తిరిగి నిలబడ్డాడు. మా అమ్మాయి రెండు చేతులతో ముఖం కప్పుకుంది.

"అమ్మా, ఇప్పుడు దాన్ని దేంతో వేలాడదీస్తారు?"

అప్పుడు చూశాను పక్కవాళ్ల పందిరి. వాళ్ల చేపలు పొడవునా రెండుగా చీలి, తోక దగ్గర మాత్రం కలిసి ఉన్నాయి. దండెం మీద పంచె ఆరేసినట్టు కర్రకి అటొక సగం, ఇటొక సగం వేలాడుతున్నాయి. చేపని కర్ర మీద నిలబెట్టేది ఆ తోకే. నేను మొట్టమొదట కోసి అవతల పెట్టింది దాన్నే. పైగా అది ఆ ఏడు ఆ ఇంటికొచ్చిన మొదటి పడవలో చేప. సిగ్గుతో నాకు చెవులు వేడెక్కాయి.

తిట్లకి సిద్ధపడి నిలబడ్డాను. నా క్లాసులో ఎవరైనా ఇలాంటి పని చేస్తే నేనీపాటికి స్కేలు తీసుండేదాన్ని. పెద్దావిడ నా ముక్కల్ని పక్కకి జరిపింది. ఇంకో చేప తీసుకుని, పిండికట్టు మోచేత్తో అదిమిపట్టి, ఎడం చేత్తో ఊలూ అందుకుంది. తల తీసి, పొట్ట చీల్చి శుభ్రం చేసింది. వెన్నుముల్లు పక్కగా కత్తిని తల వైపు నుంచి జార్చుకుంటూ వెళ్లి, తోక దగ్గర ఆపింది. రెండో పక్కా అంతే చేసి ముల్లు తీసేసింది. తర్వాత గాలి దూరడానికి లోపలి కండ మీద అడ్డంగా గాట్లు పెట్టింది, తోలు మాత్రం తెగలేదు. ఇదంతా చాలా నెమ్మదిగా చేసింది. చూడమని అనలేదు, నా వైపు తిరగను కూడా లేదు. అయ్యాక ఊలూ తుడిచి నా ముందు పెట్టింది.

నా రెండో చేపకి తోలు తెగింది. మూడోది కర్ర మీద వేయగానే తోక తెగి ఒక సగం కింద పడింది. తెగిన ప్రతిసారీ ఆవిడ మాట్లాడకుండా ఇంకో చేప తీసి, ఎడం చేత్తో మళ్లీ మొదటి నుంచి కోసింది. ఒక్క తిట్టు తిట్టినా నాకు కాస్త ఊరటగా ఉండేది. చివరికి నన్ను నేనే తెలుగులో తిట్టుకుని, ఊపిరి బిగబట్టి, ఆవిడ చెయ్యినే చూశాను. ముప్పై ఏళ్లు పిల్లల్ని "చెప్పింది విను, చెప్పింది విను" అన్నానే గానీ, చేసేది చూడమని ఒక్కనాడూ అనలేదు.

అయిదో చేప నిలిచింది. కర్రకి రెండు పక్కలా సమంగా వేలాడింది. పెద్దావిడ దగ్గరికొచ్చి తోకని వేలితో తట్టి చూసి కనుబొమలెత్తింది. నా రిటైర్మెంటు రోజు కప్పిన శాలువాలన్నీ కలిపినా ఆ కనుబొమలకి సాటి రావు. ఆవిడ జేబులోంచి ఎర్ర దారం ముక్క తీసి ఆ చేప తోకకి కట్టింది. అది నాకోసమేననుకుని మురిసిపోయాను.

పాడుచేసిన నాలుగు చేపల్ని ఏం చేయాలని నేను బిక్కమొహం వేస్తే, "తినేస్తే తప్పు లేదు," అంది ఆవిడ. ఇంటికి పరిగెత్తి చింతపండు, కారం, మెంతిపొడి తెచ్చాను. బల్ల పక్కనే స్టవ్ వెలిగించి పులుసు పెట్టాను. కొడుకు కళ్లనీళ్లు కారుస్తూ మూడుసార్లు వేయించుకున్నాడు. మా అమ్మాయి గిన్నె అడుగు కూడా వదల్లేదు. పెద్దావిడ చేప తలని తీరిగ్గా జుర్రుకుని, "ఈ పద్ధతిలో చేప ఎండదు," అంది. కాసేపాగి, "మిగలదు కూడా," అంది. అప్పుడు నవ్వాం అందరం, నాకైతే పొట్ట నొప్పెట్టేదాకా.

మిగిలిన రోజంతా ఆవిడ కడిగి అందించింది, నేను కోశాను, అమ్మాయి కర్రలకెత్తింది. సాయంత్రానికి యాభై పైచిలుకు చేపలు పందిరి మీదున్నాయి, బల్ల మీద ఒక్కటీ లేదు. ఆవిడ పందిరి కింద ఈ కొస నుంచి ఆ కొస దాకా ఒకసారి నడిచి వచ్చి, నా భుజం మీద ఎడం చెయ్యి వేసి, "కుయానా," అంది. అది వాళ్ల కృతజ్ఞత మాట. నా నడుము విరిగిపోయింది, ఒళ్లంతా నీచు కంపు. అయినా అరవై నాలుగేళ్ల వయసులో పరీక్ష పాసైనంత సంతోషం కలిగింది.

చేపలు ఎండి, పొగకి ఎర్రబడి దించేనాటికి మా అబ్బాయికి ఫోన్లో చెప్పేశాను, నేను సరిగ్గా కోసిన మొదటి చేపని చాండ్లర్ తెచ్చి చూపిస్తానని. పెద్దావిడ ఎర్ర దారం చేపని గుడ్డలో చుట్టి నా చేతిలో పెట్టి, "ఊళ్లో అందరికన్నా పెద్దాయనకి ఇచ్చి రా," అంది.

"ఇది నాది కదా?" అన్నాను.

"మొదటిది ఎవరూ ఉంచుకోరు. నేనూ ఉంచుకోలేదు. అప్పుడు నాకు ఏడేళ్లు."

ఏడేళ్ల పిల్ల ఇచ్చేసినదాన్ని నేను ఉంచుకుంటానని ఏ ముఖంతో అంటాను? మూతి ముడుచుకుని అమ్మాయిని వెంటబెట్టుకుని వెళ్లాను. పెద్దాయన తలుపు తీశాడు. బాగా ముసలాయన, వంగిపోయాడు. నేను సరిగ్గా కోసిన మొదటి చేప ఇదేనని అమ్మాయి చెప్పింది. ఆయన గుడ్డ విప్పి, తోక చూసి, దారం చూసి, చేప తీసుకుని తలుపు వేసుకున్నాడు. అంతే.

"థాంక్స్ అన్నా అనలేదే," అన్నాను దారిలో.

"లైట్ తీసుకో అమ్మా. నువ్వు థాంక్స్ కోసం ఇచ్చావా?"

అవును, అందుకే ఇచ్చాను. ఆ వేసవంతా ఆ మాట తలచుకుని ఉడుక్కుంటూనే ఉన్నాను.

అక్టోబరులో నది అంచులు గడ్డకట్టడం మొదలైంది. కోడలు పాపనెత్తుకుని వచ్చింది. పెద్దావిడ చెయ్యి అతుక్కుంది. ఒకరోజు కొట్లో ఉల్లిపాయలు ఏరుకుంటుంటే ఎవరో వెనక వచ్చి ఆగారు. చూస్తే పెద్దాయన, కర్ర ఊతంతో. ఆయన నాతో మాట్లాడటం అదే మొదటిసారి.

"నీ చేప తిన్నాను," అన్నాడు. ఊపిరి తీసుకోవడానికి ఆగాడు. "రోజూ కొంచెం. నిన్నటితో అయిపోయింది. తోక ముక్క చివరికి దాచుకున్నాను."

 ఎన్ని పండగలకి ఎంతమందికి వండి వడ్డించానో నాకే తెలియదు. నా చేతి తిండిని ఇలా నెలల తరబడి దాచుకుని తిన్నానని చెప్పినవాళ్లు మాత్రం ఎవరూ లేరు.

"మళ్లీ వేసవికి కోస్తావా?" అని అడిగాడు.

నోరు పెగిలితే ఏడ్చేస్తానని తెలుసు. ఉల్లిపాయల సంచీ పట్టుకునే కనుబొమలు రెండూ పైకెత్తాను. ఆయనా ఎత్తి, కర్ర టకటకలాడించుకుంటూ వెళ్లిపోయాడు. నేను కొట్టు బయటికొచ్చి, చలికి వేళ్లు కొంకర్లు పోతున్నా ఫోన్ తీసి, చాండ్లర్‌లో మా అబ్బాయికి చెప్పాను, వచ్చే మే నెలకి ఈ ఊరికే టికెట్ బుక్ చేయమని.