గిద్యోనయ్య నేసిన ఆదివారం

గిద్యోనయ్య రోజూ తెల్లవారగానే మగ్గం ముందు కూర్చుని, నిన్న తనకు మేలు చేసినవాళ్ల పేర్లు దేవుడికి చెప్పేవాడు. మంచినీళ్లిచ్చినవాళ్లను కూడా వదిలేవాడు కాదు. ఒక్కో పేరుకు ఒక్కో పోగు నేసేవాడు. అలా నేసిన దుప్పటి మీద కూర్చుంటే గంట గడవడానికి ఒక పూట పట్టేది. ఈ సంగతి బీదర్‌లో మా గల్లీకి మాత్రమే తెలుసు.

హైదరాబాదులో అద్దాల మేడలు లేస్తున్న ఆ రోజుల్లో, పక్కింటి విఠల్ అక్కడ సెంట్రింగ్ పనికి పోయాడు. ఆదివారం వచ్చి, రెండు గంటలుండి, మళ్లీ బస్సెక్కేవాడు. అతనికీ, భార్య బాలమ్మకీ గిద్యోనయ్య ఒక దుప్పటి ఊరికే నేసిచ్చాడు. దాని మీద ఆ ఇద్దరూ తీరిగ్గా తిని, పోట్లాడుకుని, మళ్లీ నవ్వుకునేవారు. బాలమ్మ రోజూ ఆయనకు జొన్నరొట్టె తెచ్చేది.

ఏడేళ్లకు దుప్పటి చిరిగింది. ఆయన కొత్తది నేసిచ్చాడు కానీ, దాని మీద గంట గంటలాగే గడిచిపోయింది. విఠల్ దిగాలుగా బస్సెక్కాడు.

మర్నాడు బాలమ్మ వచ్చేసరికి గిద్యోనయ్య తల పట్టుకుని ఉన్నాడు.

"పేర్లు యాదికి వస్తలేవు బిడ్డా. రొట్టె తిన్న, ఎవరిచ్చిన్రో మర్చిన. పేరు లేని పోగుకు బలముండదు."

"నేనే ఇచ్చిన కద మామా! ఏడేండ్ల సంది తినుకుంట నన్నే మరిస్తివా?" బాలమ్మ నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది.

"గందుకే అడుగుతున్న. రేపటి సంది పొద్దుగాల నా పక్కన కూసో బిడ్డా. గల్లీల నాకెవరేం జేసిన్రో నీకెరుకే. నీ పేరుతోని మొదలువెట్టి అందరి పేర్లు నువ్వు చెప్పు, నేను నేస్త."